గొంతు ఎవరిది?

కూచిపూడి భాగవతుల పాత సంప్రదాయంలో సత్యభామ వేషం కట్టినవాడు తన దరువు తానే పాడుకుంటూ ఆడేవాడు. తర్వాత పాట పక్కన నిలబడ్డ గాయకుడి వంతయింది. సినిమా వచ్చి ఈ చీలికను పూర్తి చేసింది. శరీరం ఒకరిది, గొంతు మరొకరిది. మంగళంపల్లి బాలమురళీకృష్ణ సినిమా కృషిని పరిశీలించేటప్పుడు ఈ విషయం గుర్తుంచుకోవడం అవసరమని నా అభిప్రాయం.

ఆయన 1930లో గోదావరి సీమలోని శంకరగుప్తంలో పుట్టారు. అయితే ఆయన విద్యకు ఈ కృష్ణ ఒడ్డుతో సంబంధం ఉంది. గురువు పారుపల్లి రామకృష్ణయ్య పంతులుగారిది కూచిపూడికి ఎంతో దూరం లేని శ్రీకాకుళం.

ఇంతటి విద్వాంసుణ్ణి తెలుగు సినిమా ఎలా వాడుకుంది? ‘నర్తనశాల’ (1963)లో బృహన్నలకు పాట పాడించింది. ‘భక్త ప్రహ్లాద’ (1967)లో నారదుడి వేషం వేయించింది. ఆ బృహన్నల పాట నాకు ఇప్పటికీ ఇష్టమే. కాని రెండు చోట్లా ఆయన పాండిత్యం పౌరాణికానికి పెట్టిన నగ. తీసేసినా కథ నడుస్తుంది.

1975లో జి.వి. అయ్యర్ కన్నడంలో తీసిన ‘హంసగీతె’ నుంచి ఆ గొంతును తీసేస్తే ఏమీ మిగలదు. త.రా.సు. నవల దానికి ఆధారం. చిత్రదుర్గం గాయకుడు భైరవి వెంకటసుబ్బయ్యగా అనంత్ నాగ్ నటించాడు, పాట బాలమురళిది. సంగీతం బి.వి. కారంత్‌తో కలిసి కూర్చారు. పాలకుడు ఆజ్ఞాపిస్తే కళాకారుడు పాడాలా అన్నది వస్తువు. పాడనన్న గాయకుడు నాలుక కోసుకుంటాడు. ఉత్తమ గాయకుడిగా జాతీయ బహుమతి బాలమురళికి ఈ చిత్రంతోనే వచ్చింది. ఆయన స్వరం ఒక పాత్ర మనస్సాక్షిగా వినిపించింది ఇక్కడే. నాకున్న పేచీ ఒక్కటి: ఆ తిరస్కారంతో రాజు ఓడిపోతాడు, నిజమే, ఏ పాపమూ ఎరగని శ్రోత కూడా పాట పోగొట్టుకుంటాడు.

తర్వాత అయ్యర్ ‘ఆదిశంకరాచార్య’ (1983), ‘మధ్వాచార్య’ (1986) తీశారు. రెండింటికీ బాలమురళే సంగీతం. రెండోదానికి జాతీయ బహుమతి. సంగీతంలో నిగ్రహం పెరిగింది, వస్తువులో ధిక్కారం తగ్గింది. అధికారాన్ని ప్రశ్నించిన గొంతు ఆచార్యుల స్తుతిలోకి మళ్ళింది.

ఈ తప్పు ఆయన ఒక్కరి మీదే వేయడం న్యాయం కాదు. 1980లో విడుదలైన ‘మా భూమి’లో గద్దర్ పాట విని మనం పొంగిపోయాం, పొంగిపోవలసిందే. అయితే ఆ ఉత్సాహంలో శాస్త్రీయ సంగీతాన్ని భూస్వామ్య సంస్కృతి ఖాతాలో రాసేసి చేతులు దులుపుకున్నాం. త్యాగరాజు సర్ఫోజీ ఆస్థానాన్ని కాదన్న కథ తెలిసిన మనమే ఆ పని చేశాం. ‘మా భూమి’ దారిలో వచ్చిన తెలుగు చిత్రాల్లో నాకు బాలమురళి పేరు కనిపించదు. ఆయన 2016 దాకా బతికే ఉన్నారు. దొర గడీలో పాడనన్న ఒక పాటగాడి కథ రాసుకొని ఆయన ఇంటికి వెళ్లవలసిన దర్శకుడు, ఆ కథ రాయవలసిన రచయిత, మనలోంచే రావలసింది.