మైసీనే సింహద్వారం: అడ్డరాయి మోసేదెంత?

గ్రీసులోని మైసీనే కోట ముందు నిలబడితే చూపు నేరుగా సింహాల శిల్పం మీదికే పోతుంది. క్రీ.పూ. 1250 ప్రాంతంలో కట్టిన ఈ ద్వారంలో గొప్ప పనితనం ఆ శిల్పం కింద అడ్డంగా ఉన్న రాతిలో ఉంది. దాని పొడవు సుమారు 4.5 మీటర్లు. బరువు 20 టన్నుల దాకా ఉంటుందని అంచనా.

రాయి నొక్కుడును బాగా ఓర్చుకుంటుంది, సాగదీతను ఓర్చుకోదు. రెండు కొనల మీద ఆనిన రాతిపై బరువు పడితే పైభాగం నొక్కుకుంటుంది, అడుగుభాగం సాగుతుంది. అందుకే బీట అడుగున, నడిమి భాగంలో మొదలవుతుంది. మీటరుకు పడే బరువు మారకపోయినా, ద్వారం వెడల్పు రెట్టింపైతే వంచే బలం నాలుగింతలవుతుంది.

ఆనాటి కట్టుబడివారు ఈ ముప్పును మూడు విధాల ఎదుర్కొన్నారు. నిలువు రాళ్లను కాస్త లోపలికి వాల్చడంతో, గడప దగ్గర 3.1 మీటర్లున్న వెడల్పు పైకి పోయేసరికి 2.8కి తగ్గింది. అడ్డరాతిని నడుమ దళసరిగా, కొనల వైపు పలుచగా చెక్కారు. వంచే బలం ఎక్కువగా ఉండేది నడుమనే కదా! ఇక మూడోది నన్ను అబ్బురపరిచే పని. రాతి పైన గోడను నిండుగా పేర్చకుండా, వరుస వరుసకూ రాళ్లను రెండు వైపుల నుంచీ ముందుకు జరుపుతూ త్రికోణాకారంలో ఖాళీ వదిలారు. దాంతో పైగోడ బరువు పక్కలకు మళ్లి నిలువు రాళ్ల మీదికి దిగుతుంది. ఆ ఖాళీని పలుచని సున్నపురాతి పలకతో మూశారు. సింహాలను చెక్కింది ఆ పలక మీదే. బరువు తప్పించడానికి వదిలిన చోటే శిల్పికి పీఠమైంది.

దగ్గర్లోనే ఉన్న, ఆట్రియస్ ఖజానాగా పేరుపడ్డ సమాధి వాకిలి మీదా ఇదే ఉపాయం. అక్కడి లోపలి అడ్డరాయి సుమారు 120 టన్నులు. ముందున్న చెక్కుడు పలకలు ఊడిపోవడంతో త్రికోణం ఇప్పుడు బోసిగా, స్పష్టంగా కనిపిస్తుంది.

నేడు ఇటుక గోడలో లింటెల్ మందం, కడ్డీలు నిర్ణయించే ఇంజనీరు కూడా, పైన, పక్కల గోడ చాలినంత ఉంటే, ద్వారం మీది త్రికోణం మేరకు ఇటుకల బరువునే లెక్కలోకి తీసుకుంటాడు. మిగతాది పక్కలకు మళ్లుతుందని అతనికి తెలుసు. మైసీనేవారు ఆ త్రికోణాన్ని కూడా ఖాళీ చేశారు. ఎంత లావు రాయి పెట్టాలన్న ప్రశ్నకు ముందే, దాని మీదికి ఎంత బరువు రానివ్వాలో తేల్చుకున్నారు. అడ్డరాయి 3,200 ఏళ్లు దాటినా తన చోటనే నిలవడంలో ఆ నిర్ణయానికి పెద్ద పాత్ర ఉంది.