నది పాట నగరానికి పోయినంక

మన యువకులు ఇప్పుడు పాటలు వినడమే కాదు, తామే చేస్తున్నారు. తండాలో పెళ్లి జరిగితే డీజే బాక్సులలో గోర్ బోలి పాట మోగుతున్నది. గూడేలలో పిల్లలు రేల పాటను ఫోన్లో రికార్డు చేసి యూట్యూబ్‌లో పెడుతున్నారు. మా ఆత్మకూర్ (ఎస్) మండలంలోని పిల్లలకు కూడా సూర్యాపేటలోనో హైదరాబాదులోనో స్టూడియో దొరుకుతుందా అన్న ఆలోచన వచ్చింది. ఇది సంతోషించవలసిన మార్పు. అయితే ఊరి పాట స్టూడియో లోపలికి పోయి బయటికి వచ్చేసరికి దానిలో ఏది మిగులుతుంది, ఏది జారిపోతుంది అన్నది ముందే ఆలోచించుకోవాలి. అందుకోసం ఒక రాక్ బ్యాండు ఆల్బంను ఇక్కడ పరిశీలిస్తున్నాను. అది ‘ఇండియన్ ఓషన్’ అనే ఢిల్లీ బ్యాండు 2000 సంవత్సరంలో తెచ్చిన ‘కందీసా’.

తెలుగు బ్యాండును ఎందుకు తీసుకోలేదని అడగవచ్చు. తెలుగులో పాట అంటే ముందుగా సినిమా పాటే. చౌరస్తా వంటి బ్యాండు ‘ఊరెళ్లిపోతా మామా’తో యువతకు దగ్గరయింది కానీ, ఆ పాటలు యూట్యూబ్‌లో ఒక్కొక్కటిగా వచ్చినవి. ఆ బ్యాండులో పాడిన రామ్ మిరియాలను ఎక్కువ మంది గుర్తుపట్టింది తర్వాత సినిమా పాటల వల్లనే. సినిమా కథతో పని లేకుండా, కొన్ని పాటలను ఒక దండలా కూర్చి స్టూడియోలో తయారు చేసే ఆల్బం అలవాటు మన దగ్గర బలపడలేదు. పైగా ‘కందీసా’లో ఆదివాసులకు నేరుగా సంబంధించిన ఒక పాట ఉన్నది. నేను దీనిని ఎంచుకోవడానికి అసలు కారణం అదే.

ఇండియన్ ఓషన్‌ను 1990లో గిటారిస్టు సుస్మిత్ సేన్, తబలా వాయిస్తూనే పాడే అసీమ్ చక్రవర్తి మొదలుపెట్టారు. తర్వాత బేస్ గిటార్‌తో రాహుల్ రామ్, డ్రమ్స్‌తో అమిత్ కిలం చేరారు. మొదటి ఆల్బం 1993లో వచ్చింది. రెండవది ‘డెజర్ట్ రెయిన్’, 1997లో, వేదిక మీద వాయించినదాన్ని అట్లాగే రికార్డు చేసినది. మూడవది ‘కందీసా’. దానిని టైమ్స్ మ్యూజిక్ విడుదల చేసింది. ఇంగ్లీషు రాక్‌ను అనుకరించకుండా గిటార్ పక్కన తబలాను, డ్రమ్స్ పక్కన ఈ దేశపు గొంతులను నిలబెట్టడం వాళ్ల పద్ధతి. పదేళ్లు కలిసి వాయించిన చేతుల పొందిక ఈ ఆల్బంలో వినిపిస్తుంది. ఎవరూ ఎవరినీ తోసుకుని ముందుకు రారు. గిటార్ మాట్లాడేటప్పుడు తబలా వింటుంది, గొంతు లేచినప్పుడు గిటార్ తగ్గుతుంది. మన డప్పు జట్టులో పెద్దవాళ్లు పాటించే మర్యాద ఇదే.

ఆల్బంలో ఉన్నవి ఏడే పాటలు. సినిమా పాటల కంటే పొడవైనవి, తొందర లేనివి. అయినా కాలేజీ పిల్లలు వాటిని విడిచిపెట్టలేదు. హీరో లేడు, డ్యాన్సు లేదు, ప్రేమ కథ లేదు. అటువంటి ఆల్బం దేశమంతా తిరిగి, భారతీయ రాక్ సంగీతం గురించి ఎవరు మాట్లాడినా పేరు తలచుకునే స్థాయికి చేరింది. ‘కందీసా’ అన్న పేరు పాట కేరళ సిరియన్ క్రైస్తవుల పాత ప్రార్థన. దాని భాష అరమాయిక్ కుటుంబానికి చెందిన సురియానీ. వినేవాళ్లలో ఆ భాష తెలిసినవాళ్లు వెయ్యికి ఒక్కరు కూడా ఉండరు. అయినా దాన్ని వేలమంది కలిసి పాడారు. మన భాషకు లిపి లేదు, మన పాట ఎవరికి అర్థమవుతుంది అని కుంగిపోయే పిల్లలకు ఉపాధ్యాయులు ఈ సంగతి చెప్పాలి. గోర్ బోలి పాటకైనా, కోయ పాటకైనా తెలుగు వేషం వేస్తేనే జనం వింటారన్న మాట నిజం కాదు.

ఇప్పుడు అసలు పాటకు వద్దాం. దాని పేరు ‘మా రేవా’. రేవా అంటే నర్మదా నదికి మరో పేరు. ఇది నర్మదా లోయ ప్రజల సంప్రదాయ పాట. రాహుల్ రామ్ పర్యావరణ విషశాస్త్రంలో అమెరికాలో డాక్టరేటు చేసి వచ్చి, నర్మదా బచావో ఆందోళనలో పనిచేసినవారు. పాట అక్కడి నుంచే వచ్చింది. బేస్ గిటార్ మీద అది నడిచే తీరులో నీటి నడక ఉన్నది. మొదట నెమ్మది, తర్వాత సుడి, ఆ తర్వాత అందరి గొంతులూ కలిసిన వరద. సంగీతంగా దీనికి పేరు పెట్టలేము.

కానీ విమర్శ అక్కడితో ఆగకూడదు. ఈ ఆల్బం వచ్చిన 2000 సంవత్సరంలోనే, అక్టోబర్ 18న, సర్దార్ సరోవర్ ఆనకట్ట పనులు కొనసాగించవచ్చని సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ఆ ఆనకట్ట కింద మునిగే ఊళ్లలో భిల్లులు, భిలాలలు, ఇంకా ఎందరో ఉన్నారు. అంటే నది పాట నగరంలో చప్పట్లు అందుకున్న ఏడాదే, ఆ పాట పుట్టిన లోయ తన కేసు ఓడిపోయింది. చప్పట్లు కొట్టినవాళ్లలో ఎంతమందికి ఈ రెండూ ఒకటే నదికి సంబంధించినవని తెలుసు?

ఇందులో తప్పు పాటదా? కాదు. ‘మా రేవా’ నినాదం కాదు, నదిని తల్లిగా పిలిచే పాట. నది ఒడ్డున, పోలీసుల ఎదుట, ఊరు ఖాళీ చేయమన్న నోటీసు చేతిలో పట్టుకుని పాడినప్పుడు అదే పాట ఒక్క మాట మారకుండా పోరాట గీతం అవుతుంది. చల్లని గదిలో హెడ్‌ఫోన్ పెట్టుకుని వింటే అదే పాట ఒక అందమైన నది వర్ణన. పాటకు అర్థం మాటలలో కొంత, పాడే చోటులో కొంత ఉంటుంది. స్టూడియో మాటలను, రాగాన్ని పట్టుకోగలదు. చోటును పట్టుకోలేదు. వేదిక మీదయితే గాయకుడు పాటకు ముందు నాలుగు మాటలు చెప్పగలడు. ఫోన్లో ఒంటరిగా మోగే పాటకు ఆ నాలుగు మాటలు ఎవరు చెబుతారు?

మరో సంగతి. ఇదే ఆల్బంలో ‘హిల్లే లే’ అనే పాట ఉన్నది. దాని మాటలు భోజ్‌పురి విప్లవ కవి గోరఖ్ పాండేవి. ఆయన 1989లో చనిపోయినా, పాటతో పాటు ఆయన పేరు నడుస్తూనే ఉన్నది. ‘మా రేవా’కు అటువంటి పేరు లేదు. ‘సంప్రదాయం’ అన్న ఒక్క మాటే ఉంటుంది. చట్టం కూడా ఇట్లాగే చూస్తుంది. తరతరాల పాటకు యజమాని ఉండడు, దాని రికార్డింగుకు మాత్రం ఉంటాడు. చదువుకున్న కవికి పేరు, ఊరందరి పాటకు ఒక జాబితా మాట. ఈ తేడాను బ్యాండు పుట్టించలేదు, కానీ అది ఈ ఆల్బంలో స్పష్టంగా కనబడుతుంది.

మన పాటలను బయటివాళ్లు దోచుకున్నారు అని మనలో కొందరు కోపంగా అంటారు. ఈ ఆల్బం విషయంలో నేను ఆ మాటతో ఏకీభవించను. ఆందోళనలో నడిచిన మనిషి ఆ పాటను గౌరవంగా మోసుకొచ్చాడు. ఆయన మోయకపోతే నర్మదకు ఇంత దూరంలో ఉన్న మనకు రేవా అన్న పేరే తెలిసేది కాదు. కానీ గౌరవం ఒక్కటే సరిపోదు. లోయ మనుషులే తమ పాటను తామే పాడి, తమ కథను తామే చెప్పే ఆల్బం కూడా దేశమంతా తిరిగి ఉంటే లెక్క సరిపోయేది. అది జరగలేదు. ‘కందీసా’ గొప్ప ఆల్బం, కానీ నర్మద విషయంలో అది సగం మాట. మిగతా సగం చెప్పవలసినవాళ్లకు మైకు అందలేదు.

మనకూ నదులున్నాయి. పోలవరం కింద కోయలు, కొండరెడ్లు ఊళ్లు ఖాళీ చేస్తున్నారు. మన పక్కనే పారే మూసీ హైదరాబాదు మురికిని మోస్తున్నది. రేపు ఈ ఊళ్ల పాటను ఎవరో ఒక బ్యాండు తీసుకోవచ్చు, సినిమా తీసుకోవచ్చు. సకిని రామచంద్రయ్య గారు డోలి కొడుతూ సమ్మక్క సారలమ్మల కథను, కోయల చరిత్రను గుర్తుంచుకుని పాడారు. 2022లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది, 2024లో ఆయన వెళ్లిపోయారు. పురస్కారం మనిషికి దక్కింది. కథలు ఎంతమందికి దక్కాయి?

అందుకే పాటలు చేస్తున్న యువకులకు నా మాట ఇది. డీజే బీటు కలపండి, గిటార్ కలపండి, నాకు అభ్యంతరం లేదు. కానీ పాట ఎక్కించేటప్పుడు కింద నాలుగు వాక్యాలు రాయండి. ఎవరు పాడారు, వాళ్లకు ఎవరు నేర్పారు, ఏ ఊరు, ఎప్పుడు పాడే పాట. తీజ్ మొలకల బుట్టల చుట్టూ ఆడపిల్లలు పాడేదా, పెళ్లికూతురు పుట్టిల్లు విడుస్తూ ఏడ్చే ఢావ్లోనా అన్నది వినేవాడికి తెలియాలి. ఢావ్లోను డ్యాన్సు పాటగా మార్చే ముందు, దాన్ని ఏడ్చి పాడిన అవ్వను అడగండి. ఆమె వద్దంటే ఆపండి.

ఉపాధ్యాయులకు ఇంకొక పని. ప్రతి తరగతిలో ఒక పాటల నోటు పుస్తకం పెట్టించండి. పిల్లలు సెలవులకు ఇంటికి పోయినప్పుడు ఇంట్లో పెద్దవాళ్ల దగ్గర ఒక్కొక్క పాట, దాని వెనుక కథ రాసుకుని రావాలి. లిపి లేకుంటే తెలుగు లిపిలోనే రాయాలి. ఫోన్ ఉన్నవాళ్లు గొంతును కూడా రికార్డు చేయాలి. తర్వాత ఏ బ్యాండు వచ్చి అడిగినా, పాటతో పాటు ఆ పుస్తకాన్ని కూడా ముందు పెట్టి మాట్లాడవచ్చు.