మనుచరిత్రలో పాదలేపం: కాలాన్ని కుదించిన పసరు

కాలాన్ని వంచే పదార్థం నేటి విజ్ఞాన కల్పనా సాహిత్యానికి పరిచితమైన వస్తువు. తెలుగు కావ్యాలలో దీనికి దగ్గరగా నిలిచే కల్పన అల్లసాని పెద్దన స్వారోచిషమనుసంభవంలోని పాదలేపం. సిద్ధుడు ప్రవరుడి పాదాలకు పూసిన పసరును సాధారణంగా కథాసాధనంగానే పరిగణించడం పరిపాటి. నాయకుడిని హిమాలయానికి చేర్చి వరూధిని ఎదుట నిలిపాక దానితో పని తీరినట్లే చర్చ ముందుకు సాగుతుంది. ఆ పసరు దూరాన్ని జయించే మందు మాత్రమే కాదు, కాలంతో చెలగాటమాడే మందు కూడా. ప్రవరుడి ఆపద వరూధిని కనిపించకముందే, ఆ మందుతోనే మొదలైంది.

కథాబీజం మార్కండేయ పురాణానిది. మారన దానిని అంతకుముందే తెనిగించాడు. సంస్కృత మూలంలో అతిథి తన శక్తిని కాలపు కొలతతో చెబుతాడు: సగం పగటిలో వేయి యోజనాలు. పెద్దన దీనిని సంభాషణగా పెంచాడు. ప్రవరుడి సందేహం దేశాన్ని గురించినది కాదు, వయసును గురించినది. ఎగురుతూ తిరిగినా ఏళ్లు పట్టే యాత్రలు చేసిన మనిషి ముఖంలో ఇంకా లేతదనం ఎలా మిగిలింది? సిద్ధుడి జవాబులోనూ మొదట వచ్చేది ముసలితనం తమను సోకదన్న మాటే. ఆపైన తమ నడకను సూర్యుడి గుర్రాల పరుగుతో పోలుస్తాడు. ఇది అలంకారం కోసం వేసిన పోలిక కాదు. పగటిని కొలిచే సూర్యుడితోనే సిద్ధుడు సరిజోడు కట్టుకుంటున్నాడు.

హిమాలయంలో ప్రవరుడి ప్రవర్తన మారిన తీరు సూక్ష్మమైనది. అంతవరకు అతిథులను అడిగి, తీర్థాల కథలు విని నిట్టూర్చిన గృహస్థు ఇప్పుడు మిగిలిన వింతలను రేపు వచ్చి చూడవచ్చునని తనకు తాను చెప్పుకుంటాడు. ఆ ‘రేపు’ పసరు ఇచ్చినదే. జన్మకొకసారి దొరికితే చాలనుకున్న హిమవంతం ఒక్క పూటలో వాయిదా వేసుకోదగిన పనిగా మారింది. తిరుగు ప్రయాణం ఉంటుందా అన్న ప్రశ్న అతడికి తోచదు. మందుకు మితి ఏమిటో సిద్ధుడు చెప్పలేదు, ప్రవరుడు అడగలేదు.

ఆ ఘట్టంలోనే పెద్దన నిర్మాణ నైపుణ్యం కనిపిస్తుంది. ఎండకు కాగిన సూర్యకాంత శిలలపై మంచునీరు చిమ్మే చప్పుడు మధ్యాహ్నమైందని ప్రవరుడికి తెలుపుతుంది. వెంటనే ఇల్లు చేరాలనుకున్నవాడికి పసరు ఆ మంచునీటికే కరగిపోయిందని తెలుస్తుంది. వేళ తెలిపిన నీరే వేళను జయించే మందును కడిగివేసింది. సిద్ధుడు సాటి తెచ్చుకున్న సూర్యుడే ఆ మంచును కరిగించాడన్నది మరువరాదు.

ఈ నష్టం బరువు తెలియాలంటే ఆహితాగ్ని దినచర్య తెలియాలి. నేటి పాఠకుడికి అది పుస్తకాల మాట కావచ్చు. ఐనవిల్లి ఉన్న కోనసీమలో మాత్రం నిన్నమొన్నటి జీవితం. గోదావరి డెల్టా అగ్రహారాలలోని ఆహితాగ్నుల కుటుంబాలను గురించి డేవిడ్ నైప్ రాసిన ‘వేదిక్ వాయిసెస్’ 2015లో వెలువడింది. ఉదయం, సాయంత్రం అగ్నిహోత్రం తప్పని ఇంట్లో పగలంటే రెండు ఆహుతుల నడుమ వ్యవధి. ఆ వ్యవధిని ఎవరూ పెంచలేరు, కుదించలేరు. తాను ఆహితాగ్నినని, ఆకలితో ఎదురుచూసే ముసలి తల్లిదండ్రులున్నారని ప్రవరుడు వరూధినికి చెప్పడం తప్పించుకునే మాట కాదు. గడియలు లెక్కపెడుతున్నవాడి మాట.

ఐనవిల్లి దైవం పేరులోనూ సిద్ధి ఉంది. అక్కడి సిద్ధివినాయకుడి సన్నిధిలో విద్యార్థులు పరీక్షలకు ముందు కలాలు ఉంచి పూజ చేయించుకుంటారు. ఆ సిద్ధి మొదలుపెట్టిన పని నెరవేరడం. చదవవలసిన నెలలు, రాయవలసిన గంటలు తగ్గడం కాదు. మనుచరిత్ర సిద్ధుడు అమ్మజూపినట్లుగా ఉచితంగా ఇచ్చిపోయిన సిద్ధి ఆ నెలలనూ గంటలనూ తీసివేసేది. ఒకే మాటకు గల ఈ రెండు అర్థాల మధ్యనే ప్రవరుడు చిక్కుకున్నాడు.

చివరికి అతడిని ఇల్లు చేర్చినది అగ్ని. దూరం అదే, వేగమూ తక్కువది కాదు. అయినా ప్రార్థనలో ప్రవరుడు కోరినది సూర్యుడు పడమటి సముద్రంలో కుంకకముందే ఇంట నిలపమని. పసరు సూర్యుడితో పోటీ పడింది. అగ్ని సూర్యుడు పెట్టిన గడువుకు లోబడి పనిచేసింది. ప్రవరుడు దానికి మూల్యంగా చూపినది కూడా ఏళ్లపాటు తప్పక చేసిన హోమాలనే. ఈ రెండు ప్రయాణాలను ఒకే మహిమకు రెండు రూపాలుగా చదివితే కావ్యం చప్పబడిపోతుంది.

ప్రవరుడు బయటపడినా మందు ఫలితం ఆగలేదు. వరూధిని విరహాన్ని ఆసరా చేసుకుని గంధర్వుడు ప్రవరుడి రూపం ధరించాడు. వారికి స్వరోచి, అతడికి స్వారోచిష మనువు పుట్టారు. పురాణ గణనలో మన్వంతరం కనీసం 71 మహాయుగాలు, అంటే 30,67,20,000 సంవత్సరాలు. సగం పగలు మిగుల్చుకోవడానికి కాళ్లకు పూసుకున్న పసరు కరిగిన చోటి నుంచి, పద్నాలుగు మన్వంతరాలలో రెండవదానికి అధిపతి వంశం మొదలైంది.