న్యాయపీఠం ముందు ప్రతీకారం: ఎస్కిలస్ ‘యూమెనిడీస్’ – ఒక పునఃపరిశీలన

ప్రతీకారం నుంచి చట్టానికి సాగిన ప్రస్థానంగా ఎస్కిలస్ ‘ఒరెస్టియా’ నాటకత్రయాన్ని వ్యాఖ్యానించడం విమర్శలో స్థిరపడిన సంప్రదాయం. క్రీ.పూ. 458లో ఏథెన్సులో ప్రదర్శితమైన ఈ త్రయంలో చివరిదైన ‘యూమెనిడీస్’ను నిశితంగా పరిశీలిస్తే ఆ వ్యాఖ్యానం పూర్తిగా నిలవదు.

తన తండ్రి అగమెమ్నోన్‌ను చంపిన తల్లి క్లైటెమ్నెస్ట్రాను ఒరెస్టెస్ వధిస్తాడు. ఆ మాతృహత్యపై ఏరియోపాగస్ గుట్ట మీద విచారణ జరుగుతుంది. ఎరిన్యెస్ అనే ప్రతీకార దేవతలు అభియోగం మోపుతారు. అపోలో ఒరెస్టెస్ పక్షాన నిలుస్తాడు. ఏథెన్సు పౌరులు నిర్ణేతలు. తల్లి బీజాన్ని పోషించేదే తప్ప జన్మకారకురాలు కాదని అపోలో వాదిస్తాడు. అందుకతడు చూపే నిదర్శనం జ్యూస్ నుంచి మాతృగర్భం లేకుండా పుట్టిన ఎథీనా. ఆ ఎథీనాయే న్యాయసభను స్థాపించింది, ఆమె ఓటు కూడా ఒరెస్టెస్‌కే పడింది. ఓట్లు సమానమై అతడు విముక్తుడవుతాడు. ఒక పక్షం చూపిన నిదర్శనమే న్యాయపీఠాన్ని అలంకరించడం కవి పొరపాటని భావించలేం. తీర్పులోని ఈ బలహీనతను ఎస్కిలస్ ఎక్కడా కప్పిపుచ్చలేదు.

తీర్పుతో వివాదం ముగియదు కూడా. నేలను విషమయం చేస్తామని ఎరిన్యెస్ హెచ్చరిస్తారు. ఎథీనా వారిని అనునయిస్తుంది, పూజలు వాగ్దానం చేస్తుంది. జ్యూస్ పిడుగును దాచిన గది తాళాల సంగతి తనకు తెలుసునని మృదువుగానే గుర్తుచేస్తుంది. భయాన్ని నగరం నుంచి పూర్తిగా వెళ్లగొట్టవద్దని విచారణ వేళ ఆమె పౌరులకు చెప్పిన మాట అంతకుముందు ఎరిన్యెస్ పాడిన మాటే.

ఏథెన్సు చట్టమూ ఇందుకు భిన్నం కాదు. క్రీ.పూ. 7వ శతాబ్దికి చెందిన డ్రాకో నరహత్యా శాసనాన్ని క్రీ.పూ. 409–408లో మళ్లీ రాతిపై చెక్కించారు. దాని ప్రకారం అభియోగం మోపవలసింది మృతుని బంధువులే. ఉద్దేశపూర్వకం కాని హత్యలో దోషిని క్షమించాలంటే తండ్రి, సోదరులు, కుమారులు అందరూ అంగీకరించాలి. ఒక్కరు కాదన్నా ఆ మాటే చెల్లుతుంది. అంటే ప్రతీకార హక్కు రద్దు కాలేదు, అది విచారణ రూపం ధరించింది.

అయితే హంతకుడే కుమారుడైనప్పుడు అభియోక్త ఎవరు? ఈ నాటకంలో క్లైటెమ్నెస్ట్రా తరఫున బతికున్న బంధువెవరూ ముందుకు రారు. నిద్రపోతున్న ఎరిన్యెస్‌ను ఆమె ప్రేతాత్మే వచ్చి లేపవలసి వచ్చింది.