రొట్టె పూసల దండ

మొన్న ఆదివారం ఒక అష్టావధానం. చివర్లో అవధానిగారు పద్యాలన్నీ ధారణలో గడగడా అప్పజెబుతుంటే ఈ కాలమిస్టు ఒళ్లు పులకరించింది. పక్క కుర్చీలో ఓ అమ్మాయి గబగబా నోట్‌బుక్‌లో రాసుకుంటోంది. ‘పుస్తకం మూసి వినమ్మా, మనసులో పడుతుంది’ అన్నారు కాలమిస్టు. పాపం, మూసేసింది. పిల్లలకు పద్యాలు నోటికి రావాలని ఈ కాలమ్‌లో ఏళ్ల తరబడి పోరుతున్న మనిషి మరి.

ఇంటికొచ్చి, ఆ ఉత్సాహంలోనే రష్యన్ రచయిత సోల్జెనిత్సిన్ ‘గులాగ్ ద్వీపసమూహం’ తీశారు.

స్నేహితుడికి రాసిన ఉత్తరాల్లో స్టాలిన్‌ను విమర్శించినందుకు 1945 ఫిబ్రవరిలో సోల్జెనిత్సిన్‌ను యుద్ధరంగంలోనే అరెస్టు చేశారు. జనం ఉత్తరాలు విప్పి చదివే రాజ్యం అది. ఎనిమిదేళ్ల శిక్ష. కజక్‌స్థాన్‌లోని ఎకిబస్తూజ్ శిబిరంలో ఇటుకలు పేరుస్తూనే ఆయన కవిత్వం కట్టారు. రాసింది సోదాలో దొరికితే ముప్పు. అందుకే కొన్ని పంక్తులు రాయడం, నోటికి రాగానే కాల్చేయడం.

లెక్క తప్పకుండా మొదట అగ్గిపుల్లల ముక్కలు పదేసి పేర్చుకునేవారు. తర్వాత, లిథువేనియా కాథలిక్ ఖైదీలు రొట్టెముద్దతో జపమాలలు చేస్తుంటే చూసి తనకూ ఒకటి కావాలన్నారు. ప్రతి పదో పూసా గుండ్రంగా కాక పలకలుగా ఉండాలి. యాభయ్యోదీ వందోదీ తడమగానే తెలియాలి. వెడల్పాటి చేతితొడుగులో ఆ దండ దాచుకుని, పనికి నడుస్తూ, వరసలో నిలబడి, పంక్తికో పూస జరిపేవారు. సోదాల్లో కాపలావాళ్ల కంటపడినా జపమాలే అనుకుని వదిలేశారు.

ఈ దండ కథ ఈ కాలమ్‌లో ఇదివరకే వచ్చింది, ధారణ గొప్పతనానికి సాక్ష్యంగా. అప్పుడు దాటేసిన సంగతి ఒకటి ఈసారి పట్టి ఆపింది. పంక్తులు వేలల్లోకి చేరాక, మరిచిపోకుండా వల్లె వేయడానికే నెలకు వారం రోజులు పోయేవట! కొత్త మాట పుట్టాల్సిన బుర్ర పాత మాటల బరువు మోసింది. ఆ ధారణ ఆయన కోరుకున్న విద్య కాదు, కాగితం లాక్కున్నవాళ్లు నెత్తిన పెట్టిన మోత.

1953లో శిక్ష ముగిసి కోక్-తెరెక్‌లో ప్రవాసంలో ఉండగా ఆయన మోసుకొచ్చిందంతా కాగితం మీద పెట్టారు, చీమల బారులాంటి అక్షరాల్లో. క్యాన్సర్ ముదిరి తాష్కెంట్ ఆసుపత్రికి బయల్దేరే ముందు ఆ కాగితాలు చుట్టి, షాంపేన్ సీసాలో కుక్కి, తోటలో పాతిపెట్టారు.

అవధానంలో పుస్తకం మూసేసరికి ఆ అమ్మాయి రెండు పద్యాలే రాసుకుంది. మిగతావి అవధానిగారిని అడిగి రాయించుకుని ఆమెకు చేర్చే పనిలో ఉన్నారు కాలమిస్టు.