ముఖం చూపడం కాదు, ముఖాన్ని విప్పడం

1960ల నడుమదాకా వీడియో కెమెరా దాదాపుగా టీవీ స్టేషన్ల సొత్తు. 1967లో సోనీ కంపెనీ భుజాన తగిలించుకుని మోసుకెళ్లగల పోర్టాప్యాక్‌ను తెచ్చాక అది కళాకారుల గదుల్లోకి వచ్చింది. సినిమా రీలు కడిగితే గానీ ఏం పడిందో తెలియదు. వీడియోలో అయితే మన బొమ్మ అప్పటికప్పుడే పక్కనున్న మానిటర్‌లో కదులుతుంది. పైగా అద్దంలోలాగా కుడిఎడమలు తారుమారు కావు. ఎదుటివాళ్ల కంటికి ఎలా ఉంటామో అలాగే కనబడతాం. కెమెరాను తమవైపే తిప్పుకున్న కళాకారులను ఆకర్షించింది ఈ వెసులుబాటే.

ఇదంతా ఆత్మమోహం కాదా? 1976లో అమెరికన్ విమర్శకురాలు రోజలిండ్ క్రాస్ ‘అక్టోబర్’ పత్రిక తొలి సంచికలో ఈ మాటే లేవనెత్తారు. ఆ మోహాన్ని భగ్నం చేసిన కళాఖండాల్లో ఒకటిగా కళాకారిణి జోన్ జోనాస్ ‘వర్టికల్ రోల్’ (1972)ను ఆమే ఎంచి చూపారు.

పాత టీవీల్లో బొమ్మ తెరమీద జారిపోతుంటే మీట తిప్పి నిలబెట్టేవాళ్లం. జోనాస్ దాన్ని నిలబెట్టలేదు. దాదాపు 20 నిమిషాలపాటు నల్లని పట్టీ తెరను కోస్తూ జారుతూనే ఉంటుంది. దానికి తగ్గట్టు చెంచా చప్పుడు. ముసుగు, కాళ్లు, చేతులు, ముఖం అన్నీ ముక్కలుగానే అందుతాయి. స్త్రీ దేహాన్ని తీరిగ్గా చూసి ఆనందించే అలవాటుకు అక్కడ చోటు లేదు.

వీడియో కళాకారుడు పీటర్ క్యాంపస్ ‘త్రీ ట్రాన్సిషన్స్’ (1973) బోస్టన్‌లోని డబ్ల్యూజీబీహెచ్ టీవీ స్టూడియోలో తయారైంది. నిడివి ఐదు నిమిషాలే. మొదటి భాగంలో కాగితపు తెరకు ఇటొకటి, అటొకటి కెమెరాలు పెట్టి రెండు దృశ్యాలనూ కలిపేశారు. ఆయన కాగితాన్ని చీలుస్తుంటే తన వీపును తానే చీల్చుకుని అందులోంచి దూరి వస్తున్నట్టు ఉంటుంది. రెండో భాగంలో ముఖానికి నీలిరంగు పూసుకుంటారు. పూసినచోటల్లా ముఖం చెరిగిపోయి, అడుగున మళ్లీ ఆయన ముఖమే తేలుతుంది. మన సినిమావాళ్లు బ్లూ మ్యాట్ అనే కిటుకు ఇదే. ఒక ‘నేను’ను తొలగిస్తే అసలైనది దొరకలేదు, ఇంకో బొమ్మ దొరికింది.

‘నేను’ను ఇలా చీల్చి చూడడం హోవార్డినా పిండెల్‌కు ఆటగా మిగలలేదు. 1979లో కారు ప్రమాదంలో ఈ నల్లజాతి చిత్రకారిణి జ్ఞాపకశక్తి కొంత పోయింది. మరుసటి ఏడాది తీసిన 12 నిమిషాల ‘ఫ్రీ, వైట్ అండ్ 21’లో తల్లికీ తనకూ ఎదురైన వర్ణవివక్షను కెమెరాకు చెబుతారు. మధ్యమధ్య తెల్లరంగు పులుముకుని, బంగారురంగు విగ్గు, నల్లకళ్లద్దాలు పెట్టుకున్న తెల్లామె వచ్చి అదంతా భ్రమేనని కొట్టిపారేస్తుంది. ఆ వేషమూ పిండెల్‌దే. ఎడిటింగ్‌లో ఒక్కో కట్‌తో బాధితురాలూ, తీర్పరీ ఒకే మనిషిలో తలపడతారు.

చిత్రపటం మనిషిని ఒక భంగిమలో ఖాయం చేస్తుంది. వీడియో ఆ భంగిమ ఎలా తయారవుతుందో, ఎవరి చూపుకు లొంగి తయారవుతుందో కాలక్రమంలో విప్పి చూపగలదు. అందుకే ఇలాంటి వీడియో చూసేటప్పుడు పోలిక కుదిరిందా అని వెతికితే లాభం లేదు. కెమెరా ఎక్కడుంది, బొమ్మను ఏ కిటుకు విరుస్తోంది, ఆ విరుపుతో ఎవరి అధికారం సడలుతోంది అని అడగాలి.