టి 82: ఒక వర్గీకరణ గుణదోషాలు

వర్గీకరణ విజ్ఞానశాస్త్రానికి తొలిమెట్టు. లినేయస్ జీవులను వర్గీకరించినట్లు, మెండలీవ్ మూలకాలను పట్టికలో అమర్చినట్లు, వైద్యులు రోగాలకు ఒక పట్టిక కట్టినారు. 1893లో జాక్ బెర్టియాన్ అనే ఫ్రెంచి గణాంకవేత్త సమర్పించిన మరణకారణాల జాబితా దానికి మూలం. 1948 నుంచి ఆ పట్టికను సవరించే బాధ్యత ప్రపంచ ఆరోగ్యసంస్థది. 1990లో ఆమోదం పొందిన పదవ కూర్పులో ‘టి 82’ అనే శీర్షిక ఒకటి ఉన్నది. గుండెలోను రక్తనాళాలలోను అమర్చిన సాధనాలు, అతుకులు చెడినప్పుడు కలిగే బాధలన్నీ దాని కిందకు వస్తాయి. ఈ శీర్షిక ఎంతవరకు ప్రయోజనకారి అన్నది ఇక్కడి విచారణ.

పట్టిక విలువ తేలేది రోగి దగ్గర. నల్లగొండ జిల్లా దేవరకొండ ప్రాంతపు రైతు ఒకరికి మూత్రపిండాలు పూర్తిగా చెడినవనుకుందాం. ఆయనకు వారానికి రెండు మూడు పర్యాయాలు, పర్యాయానికి సుమారు నాలుగు గంటలు, యంత్రంతో రక్తాన్ని శుద్ధిచేయాలి. ఇదే డయాలిసిస్. నిమిషానికి 200 నుంచి 400 మిల్లీలీటర్ల రక్తం యంత్రంలోకి పోవలసి ఉండగా, మామూలు చేతిసిరలో అంత ప్రవాహం ఉండదు. ఇందుకు మూడు ఉపాయాలు ఉన్నవి. మొదటిది, మెడలోనో తొడలోనో పెద్ద సిరలోకి కాథెటర్ అనే గొట్టం దూర్చడం. రెండవది, కృత్రిమ పదార్థంతో చేసిన నాళాన్ని చర్మం కింద అతకడం. మూడవది, చేతిలోని ధమనిని సిరతో కలిపి కుట్టడం. దీనిని ఫిస్టులా అంటారు. ధమని ఒత్తిడికి ఆ సిర కొన్ని వారాలలో వెడల్పై, గోడ మందమై, సూదిపోటుకు తట్టుకొంటుంది. 1966లో బ్రెషియా, సిమినో, వారి సహచరులు ప్రకటించిన పద్ధతి ఇది. మూడింటిలో సూక్ష్మజీవుల బెడద కాథెటర్‌కు ఎక్కువ, ఫిస్టులాకు తక్కువ.

టి 82లోని సుగుణం దాని క్రమం. కృత్రిమ కవాటం యాంత్రికంగా చెడితే టి 82.0, గుండెకు అమర్చిన విద్యుత్సాధనం చెడితే టి 82.1, డయాలిసిస్ కాథెటర్ విరిగినా, జారినా, కారినా టి 82.4. ఏ భాష మాట్లాడే వైద్యుడు రాసినా సంకేతం ఒక్కటే కనుక దేశాల లెక్కలను పోల్చవచ్చు. ఇది చిన్న మేలు కాదు.

అయితే లోపాలు కూడ ఉన్నవి. ఫిస్టులాలో పరాయి వస్తువేదీ లేదు. అది రోగి సొంత నాళాల కలయిక. అయినా దాని యాంత్రిక లోపాలను టి 82.5 కింద, కృత్రిమ హృదయం వంటి సాధనాల సరసన చేర్చినారు. రక్తం గడ్డకట్టడం, నాళం ఇరుకుకావడం, రక్తస్రావం, నొప్పి – ఇవన్నీ టి 82.8 అనే ఒకే గంపలో పడినవి. అన్నిటికంటె పెద్ద లోపం టి 82.7లో ఉన్నది. కాథెటర్ జారితే ప్రత్యేక సంకేతం ఉన్నది గాని, కాథెటర్ ద్వారా సూక్ష్మజీవులు రక్తంలో చేరితే లేదు. ఆ ప్రమాదం, కృత్రిమ నాళం చీముపట్టడం, రెండూ టి 82.7లోనే కలిసిపోతవి. తేడా ఎక్కడ తెలియాలో అక్కడే గీత చెరిగిపోయినది.

2015 అక్టోబరు 1 నుంచి అమెరికా వాడుతున్న విస్తృత రూపంలో సంకేతం ఏడు స్థానాలదాకా సాగుతుంది. గడ్డకట్టడాన్ని, ఇరుకుకావడాన్ని అందులో విడదీసినారు, టి 82.7ను మాత్రం అట్లే ఉంచినారు. హైదరాబాదులో వేలమంది తెలుగు యువకులు అమెరికా రోగుల కాగితాలకు ఈ సంకేతాలు వేసి జీవిస్తున్నారు. సముద్రాల అవతలి ఫిస్టులా ఎందుకు మూసుకుపోయినదో వారి వేళ్ల కొసలమీద ఉంటుంది. మరి సొంత జిల్లా రోగి సంగతి?

2007 ఏప్రిల్ 1న ఆరోగ్యశ్రీ పథకం మొదలైన మూడు జిల్లాలలో మహబూబ్‌నగర్ ఒకటి. డయాలిసిస్ ఖర్చును ఈ పథకం భరించడం పేదలకు ప్రాణాధారం. కాని సొమ్ము చెల్లింపుకు ఏర్పడిన సంకేతం చేసిన చికిత్సను చెబుతుంది. అది ఎందుకు అవసరమైనదో చెప్పడం దాని పని కాదు. దేవరకొండ రైతుకు ఫిస్టులా మూసుకుపోయి, మెడలో కాథెటర్ వేసి, చలిజ్వరం వచ్చి, మళ్లీ ఫిస్టులా చేసినారనుకుందాం. చెల్లింపు లెక్క ఒక్కటే చూసేవారికి రెండు శస్త్రచికిత్సలు జరిగినట్లు కనిపిస్తుంది. ఒకటి విఫలమైనట్లు కనిపించదు. విఫలమైనవి లెక్కకు రానిచో, సూదిపోటులో లోపమా, శుభ్రతలో లోపమా, రోగి ఆలస్యంగా రావడమా అన్న ప్రశ్న పుట్టదు. ప్రశ్న పుట్టనిచోట నివారణ లేదు.

2022 జనవరి 1న అమలులోకి వచ్చిన పదకొండవ కూర్పు ఈ లోపాన్ని కొంత దిద్దినది. కలిగిన హాని ఏది, దానికి మూలమైన సాధనం లేక చికిత్స ఏది, హాని ఏ విధంగా కలిగినది – ఈ మూడింటిని విడివిడిగా గుర్తించి జతపరచమంటుంది. దిశ సరియైనదే. అయినా పట్టిక తనంతట తాను ఏమీ చూడలేదు. కేస్ షీటులో వైద్యుడు ‘కాథెటర్ పనిచేయలేదు’ అని మాత్రమే రాస్తే, ఎంత సూక్ష్మమైన సంకేతమైనా అంతకుమించి చెప్పజాలదు. మహబూబ్‌నగర్‌లో 2016 నుంచి, నల్లగొండలో 2019 నుంచి ప్రభుత్వ వైద్యకళాశాలలు నడుస్తున్నవి. అక్కడ తయారయ్యే వైద్యులకు శస్త్రచికిత్సతోపాటు నాలుగు స్పష్టమైన వాక్యాలు రాయడం కూడ అలవడాలి: ఏ సాధనం, ఏ తేదీన అమర్చినారు, ఏ తేదీన చెడినది, ఎట్లా చెడినది.

పాఠశాలలో వర్గీకరణ పాఠం చెప్పే ఉపాధ్యాయులకు టి 82 మంచి ఉదాహరణ. వస్తువులను గుంపులుగా చేర్చడం సులభం. ఏ ప్రశ్నకు జవాబు కావాలో ముందు నిశ్చయించుకొని, అందుకు తగినచోట గీత గీయడమే కష్టం. ఆ గీత తప్పినచోట లెక్కలు సరిగానే కూడుతవి. రోగి మాత్రం వాటిలో కనబడడు.